కులాంతరవివాహరక్షణము : కారకవిమర్శనము

రక్షించుట యను క్రియకు రక్షించువాఁ డొకఁడు, రక్షింపఁబడునది యొకటి, ఎవరివలన రక్షింపవలయునో వా రొకరు కావలయును. వీనిలో మొదటి రెంటిని లోకము మఱవదు. మూఁడవది యింటిలోనిదైనప్పుడు మాత్రము చెప్పక విడుచును. వేఱువేఱు కులములకుఁ జెందిన యుక్తవయస్కు లిరువురు తమంతఁ దాము వివాహము చేసికొన్నప్పుడు వారికి రాజ్యము చేయవలసిన రక్షణమును గూర్చి 2006వ సంవత్సరము మొదలు భారతసర్వోన్నతన్యాయస్థానము పలుమాఱు తీర్పులు చెప్పియున్నది. న్యాయవాదులు వానిని ప్రయోజనముకొఱకుఁ జదువుదురు. ధర్మగ్రంథపరంపరలోని వాక్యములుగాఁ జదివి వానియందలి కారకముల నెంచుట పండితుల పని. విజ్ఞానేశ్వరీయమున ధర్మశాస్త్రమును దెనిఁగించిన కేతనయే ఆంధ్రభాషాభూషణమను వ్యాకరణమును రచించెను గావున, ఈ రెండు శాస్త్రములును నొక పీటమీఁదఁ గూర్చుండుట తెలుఁగునకుఁ గ్రొత్తగాదు.

మనుస్మృతి తొమ్మిదవ యధ్యాయారంభమున స్త్రీకి బాల్యమునఁ దండ్రియు, యౌవనమున భర్తయు, వార్ధకమునఁ గొడుకులును రక్షకులని చెప్పఁబడినది. ఈ వాక్యమునఁ గర్తలు ముగ్గురు, కర్మ యొకతె. అపాదానము లేదు. ఎవరివలన రక్షించుట యని యడుగువాఁడు, వెలుపలివారివలన నని తానే పూరించుకొనును. పాణిని చతుర్థీతత్పురుషమును విధించిన సూత్రమున రక్షితశబ్దమును జేర్చినాఁడు. గోరక్షితమని దానికి వృత్తికారుల యుదాహరణము. ఆవుకొఱకై యుంచఁబడిన పచ్చిక యని దాని యర్థము. రక్షింపఁబడినది పచ్చిక, ఫలమనుభవించునది యావు. మన యిండ్లలోఁ గన్యను రక్షించుచున్నా మనునప్పుడు ఆ సమాసము యొక్క పూర్వపద మేదియో విడఁదీసి చూచిన, ఆమె కులమునకుఁ జతుర్థియై నిలిచిన దగుట కనఁబడును. ఈ పఠనము స్మృతికి అపచారమని తోఁచువారు కావ్యములను జూడవచ్చును.

ఆదిపర్వమున నన్నయ తెనిఁగించిన యయాతికథ యందఱును బాఠము చెప్పునదే. పదునాఱవ శతాబ్దమున దీనినే పొన్నగంటి తెలగన్న యచ్చతెనుఁగుఁ గావ్యముగా వెలయించెను. దేవయాని భార్గవుని కూఁతురు, యయాతి క్షత్రియుఁడు. నూతఁబడిన యామెను గుడిచేయి పట్టి వెలికిఁ దీసినవాఁ డతఁడు. తరువాతఁ బెండ్లిమాట యెత్తినది యామె. ఒకమాఱు పట్టిన చేయిని మఱియొకఁడు పట్టుట యెట్లని యామె వాదము. రాజు వెనుదీసెను. అతనికి ఇష్టము లేకకాదు. క్షత్రియుఁడు విప్రకన్యను బరిగ్రహించుట వర్ణధర్మవిరుద్ధమని యతని భయము. శుక్రుఁడు వచ్చి యనుమతించి, ఆ దోషము రాజు నంటకుండ వరమిచ్చెను. వివాహము జరిగినది.

ఇచటఁ జూడవలసినది శాస్త్రమా కథను దాఁటిన తీరు. మనువు పదవ యధ్యాయమున క్షత్రియునికి బ్రాహ్మణియందుఁ బుట్టినవాఁడు సూతుఁడు. దేవయాని కొడుకులు యదువును దుర్వసుఁడును సూతులని యెవ్వరును వ్రాయలేదు. యదువు వంశమునఁ గృష్ణుఁడు పుట్టెను. బ్రాహ్మణుఁ డెవ్వఁడును చేయి పట్టకుండునట్లు దేవయానికిఁ గచుని శాప మున్నది గదా, కావున నది యాపద్ధర్మమని సమాధానము చెప్పువారు కలరు. కచుని శాపము బ్రాహ్మణవరుని దొలఁగించునే కాని ప్రతిలోమదోషమును దొలఁగింపదు. ఆ దోషమును దొలఁగించినది తండ్రి వాక్యమొక్కటియే. తండ్రి సమ్మతించినచోఁ బ్రతిలోమము దోషముగాదు. సమ్మతింపనిచో నేమగునో కథ చెప్పదు. మఱియు నా వరమిచ్చినవాఁడే శర్మిష్ఠావృత్తాంతము విని యల్లునికి ముదిమి శాపమిచ్చెను. వరముగా వచ్చిన రక్షణమున కిది స్వభావము. అది యిచ్చినవాని చేతిలోనే యుండును.

శాకుంతలోపాఖ్యానము దీనికి ఎదురుగా నున్నది. కణ్వుఁడు పండ్లకై వెడలియుండఁగా దుష్యంతుఁడు గాంధర్వమును బ్రస్తావించును. తండ్రి వచ్చువఱకు నాఁగుమని శకుంతల యన్నప్పుడు రాజు చెప్పిన యుత్తరము సంస్కృతమూలమున మిక్కిలి విచిత్రమైనది. ఆత్మకు ఆత్మయే బంధువు గావున నామె తన్నుఁ దానే ధర్మముగా దానము చేసికొనవచ్చునని దాని తాత్పర్యము. కన్యాదానమునఁ దండ్రి కర్త, కన్య కర్మ, వరుఁడు సంప్రదానము. ఇచట దానకర్తయు దానకర్మయు నొకతెయే. యుక్తవయస్కుల యంగీకారమే వివాహమునకు మూలమను నేఁటి శాసనసూత్రమునకు మన వాఙ్మయమున నింతకంటె సమీపమైన వాక్యము దొరకదు. రాజు తన కోరికకై చెప్పిన మాట యని దానిఁ ద్రోసివేయరాదు. తిరిగివచ్చిన కణ్వుఁడును దానిని దప్పు పట్టలేదు.

అయినను గొఱఁత సభలోఁ దేలినది. సాక్షి లేదు. శకుంతల సూర్యచంద్రులను, వాయువును, అగ్నిని సాక్షులుగాఁ జెప్పుకొనవలసి వచ్చెను. చివరకు అశరీరవాణి పలికినఁ గాని రాజు పరిగ్రహింపలేదు. తనకుఁ దెలిసియు లోకుల సందేహమునకు వెఱచి యట్లు చేసితినని యతఁడే చెప్పెను. దేవయానికిఁ దండ్రి వరము, శకుంతలకు ఆకాశవాక్యము. రెండింట నేదియు లేని యువతి గతి యేమను ప్రశ్నకు శాసనమే యుత్తరము చెప్పవలసియుండెను.

ఆంగ్లప్రభుత్వపు న్యాయస్థానములు స్మృతిని జేతఁబట్టి తడవుకొనిన తీరు సంక్షేపముగాఁ జెప్పినఁ జాలును. బొంబాయి ఉన్నతన్యాయస్థానము 1912లోఁ బ్రతిలోమము చెల్లదనియు, 1922లో అనులోమము చెల్లుననియుఁ దీర్పు చెప్పినది. 1872వ సంవత్సరపు మూఁడవ చట్టమునఁ బెండ్లి చేసికొనఁగోరువారు తాము హిందువులు మున్నగువారము కామని ప్రకటింపవలసియుండెను. 1923లో ఆ నిర్బంధము హిందువులు, బౌద్ధులు, సిక్కులు, జైనులు తమలోఁ దాము చేసికొను వివాహములకు సడలింపఁబడెను. 1918లో విఠల్‌భాయి పటేలు తెచ్చిన బిల్లు కోరినది హిందూవివాహధర్మత్వశాసనమను పేర 1949లోఁ గాని నెఱవేఱలేదు. 1955వ సంవత్సరపు హిందూవివాహచట్టము కులమును నియమముగాఁ బేర్కొననే లేదు. ఇంతవఱకు అనులోమప్రతిలోమములు తొలఁగినవి, తండ్రి మాత్రము మిగిలెను. ఆ చట్టపు ఆఱవ ప్రకరణమునఁ బదునెనిమిదేండ్లు నిండని వధువునకు సమ్మతి యీయఁదగిన సంరక్షకుల పట్టిక యుండెను, దాని తొలి పేరు తండ్రి. 1978లో వధువు వయస్సు పదునెనిమిదికి హెచ్చింపఁబడినప్పుడు ఆ ప్రకరణము కొట్టివేయఁబడెను. శాసనవాక్యమునఁ దండ్రి కర్తృత్వము పోయిన సంవత్సర మది. కన్యాదానము వివాహసిద్ధికి అవశ్యకము గాదని 2024లో అలహాబాదు ఉన్నతన్యాయస్థానము చెప్పినది దాని యనువాదమే.

కర్తృస్థానమునుండి తొలఁగిన తండ్రి యెచటఁ జేరెనన్నది తరువాతి ప్రశ్న. తీర్పుల విశేష మిచటనున్నది.

పాణిని యపాదానప్రకరణమున భయార్థకములకును ద్రాణార్థకములకును భయహేతువు అపాదానమని చెప్పెను. దొంగలవలన రక్షించుట యుదాహరణము. హేతుశబ్ద మేల యని వృత్తికారులు శంకించి, అడవియందు భయపడుచున్నాఁ డనుచోట నడవి అధికరణమే కాని యపాదానము గాదని వివరించిరి. ఈ చిన్నవివేకము నేఁటి కచ్చేరివ్రాఁతలయందుఁ దఱచు లోపించుచున్నది. గ్రామమున నుద్రిక్తత యున్నదని వ్రాయుదురు. గ్రామ మధికరణము. ఎవరివలన నన్నది వ్రాయరు. అడవిపేరు చెప్పి పులిపేరు మఱచుట యిది.

2006 జూలైలో వెలువడిన లతాసింగు తీర్పు వలనవర్ణకమును స్పష్టముగాఁ బ్రయోగించినది. యుక్తవయస్కురాలైన యొక యువతి వేఱుకులమువానిని వివాహమాడఁగా, ఆమె సోదరుల కారణమున భర్త బంధువులు కారాగారము పాలైన సంగతి యది. న్యాయస్థాన మా యభియోగములను గొట్టివైచి, యిష్టములేని తలిదండ్రులు చేయఁదగిన దెల్ల రాకపోకలు మానుకొనుటయే యనియు, బెదరించువారిని పోలీసువారు శిక్షాస్మృతి ననుసరించి పట్టవలయుననియు దేశమంతటికి నాదేశించెను. భయహేతువు సోదరులని వ్రాసినందున నా వాక్యమునకు బలము వచ్చినది. 2011లో ఆఱుముగసేర్వై తీర్పు ఆ స్థానమునఁ గట్టపంచాయతులను, ఖాప్‌లను జేర్చెను. 2018 మార్చి 27వ తేదీని శక్తి వాహిని వ్యాజ్యమున ముగ్గురు న్యాయమూర్తులు చెప్పిన తీర్పు వీనికన్నింటికి భాష్యప్రాయము. ఇరువురు పెద్దలు వివాహమునకు సమ్మతించినపుడు కుటుంబముయొక్కగాని కులముయొక్కగాని యనుమతి యక్కఱలేదని యందు నిశ్చయింపఁబడెను.

ఈ తీర్పునందలి యాదేశములు మూఁడు తెగలుగా నున్నవి. పాఠకులు చిత్రముగాఁ దలఁపవచ్చును గాని, ఆ తెగలు పాణిని సూత్రక్రమమునకు సరిపోవుచున్నవి. భయత్రాణసూత్రమునకుఁ దరువాత నొకటి విడిచి వారణసూత్రము, దాని వెంట నంతర్ధిసూత్రము వచ్చును. చిన్నయసూరి బాలవ్యాకరణమున భయమును, ద్రాణమును, నంతర్ధిని, వారణమును నొక్కచోటఁ జేర్చి వలనవర్ణకమును విధించెను. పోలీసురక్షణ త్రాణము. ఖాప్ సభ కూడనున్నదని తెలిసినంతనే యధికారులు పోయి యది కూడరాదని చెప్పి యాపుట వారణము. జిల్లాకేంద్రములయందు రక్షణగృహము లేర్పఱచి, నామమాత్రపు రుసుమున నొక నెలయు, నవసరమైనచో నెలకు నెల పొడిగించుచు నొక యేఁటివఱకును దంపతుల నుంచుట యంతర్ధి. దాఁగువాఁ డెవ్వరికిఁ గనఁబడఁగూడదని కోరునో వా రపాదానమని యంతర్ధిసూత్రము. దాని యుదాహరణములను విద్యార్థులందఱు నెఱుఁగుదురు. శిష్యుఁ డుపాధ్యాయునివలన దాఁగును, కృష్ణుఁడు తల్లివలన దాఁగును. పంచమీవిభక్తి పెద్దలకుఁ జెల్లదను వాదమున కిదియే సమాధానము. ఉపాధ్యాయుఁడు శిష్యునకు శత్రువు గాఁడు, యశోద కృష్ణునకు శత్రువు గాదు. అపాదానత్వ మొక క్రియయందలి సంబంధమే కాని స్వభావమును బట్టిన పేరు గాదు. తండ్రి కూఁతును బ్రేమించుచుండియు నా క్రియయందు భయహేతువు కావచ్చును.

తీర్పుపాఠమున నొక విశేషము పరిష్కర్తల కింపు గొలుపును. ప్రతిజిల్లాయందు నేర్పడవలసిన ప్రత్యేకవిభాగమునఁ బోలీసు సూపరింటెండెంటు, సాంఘికసంక్షేమాధికారితోఁ గూడ ఆదిద్రావిడసంక్షేమాధికారియు నుండవలయునని వ్రాయఁబడినది. ఆ పేరి యుద్యోగి తమిళదేశమునఁ గలఁడే కాని దేశమంతటను లేఁడు. మద్రాసు ఉన్నతన్యాయస్థానము 2016లో నిచ్చిన యుత్తరువు మాతృకయై, లేఖకుఁడు పంక్తిని మార్పక దించినందున నా పద మటులే నిలిచినది. తాళపత్రములలోనైన నిట్టి గుర్తునుబట్టియే మాతృకను నిర్ణయింతురు. దోషము స్వల్పమే. అన్యరాష్ట్రములయం దా స్థానమున నెవరిని నియమింపవలయునో చెప్పనందున నాచరణమునఁ జిక్కు రావచ్చునన్నంతవఱకే దానికిఁ బ్రసక్తి.

స్వల్పముగాని దోషము వేఱొకటి కలదు. రక్షణము కావలసిన దంపతులు మొదట నర్జీ పెట్టుకొనవలయును. అదనపు సూపరింటెండెంటు విచారించి, వారి భయము నిజమా యని తేల్చి, వారము లోపల నివేదింపవలయును. శకుంతల సభలోఁ జేసిన పని యిదియే. భయమును నిరూపించు భారము భయపడినవారిపైఁ బడినది. తీర్పు హక్కు అని పలికి, యాచరణము వర మని పలుకుచున్నది. విచారించువాఁడు తొలుత వధువు తండ్రికిఁ గబురు పంపి సమాధానపఱుపఁజూచుట లోకమునఁ గాననిది గాదు. అంతర్ధియం దపాదానమైనవానికే దాఁగినచోటు చెప్పుట యగును.

1954వ సంవత్సరపు ప్రత్యేకవివాహచట్ట మీ విషయమున నింకను గఠినముగా విమర్శింపఁదగినది. దాని నాలుగవ ప్రకరణమున వివాహమునకుఁ గావలసిన నియమములు చెప్పఁబడినవి. మునుపటి దాంపత్యము నిలిచియుండరాదు, చిత్తస్వాస్థ్య ముండవలయును, పురుషునకు 21, స్త్రీకి 18 ఏండ్లు నిండవలయును, నిషిద్ధబంధుత్వ ముండరాదు. కులమను మాట లేదు. అయిదవ ప్రకరణము ప్రకారము వధూవరులలో నొకరైన ముప్పది దినములు నివసించిన జిల్లాయందు నోటీసు ఈయవలయును. దానిని కార్యాలయమున నందఱకుఁ గనఁబడుచోట నంటింతురు. వేఱొక జిల్లా శాశ్వతనివాసమైనచో నచటికిని బ్రతి పంపుదురు. ముప్పది దినములలో నెవ్వఁడైనను నాక్షేపింపవచ్చును. ఆక్షేపణము నాలుగవ ప్రకరణమును బట్టియే యుండవలయును గావునఁ గులమునుబట్టి చేసినది చెల్లదు. శాసనకర్త యింతవఱకు సావధానుఁడే. కాని కులముకొఱకుఁ గోపించినవాఁడు కాగితముపై నాక్షేపింపఁడు. అతఁడు నోటీసు చదువుకొని యింటికిఁ బోవును. నోటీసు ప్రకటించుట దంపతుల యిష్టమునకు విడువవలయునని 2021 జనవరిలో అలహాబాదు ఉన్నతన్యాయస్థానము చెప్పినది, మూలవాక్యము మాత్రము చట్టమున మాఱలేదు. హిందూవివాహచట్టమున నిట్టి ముందునోటీసు లేదు. కులాంతరము చేసికొన్న హిందువు లా మార్గమునఁ బోఁగలిగినను, మతము వేఱైనవారికిఁ బ్రత్యేకచట్టమే దిక్కు. ఎక్కువ దాఁగవలసినవారి పేరే గోడకెక్కినది.

ఇఁకఁ బత్రికలయందుఁ బాదుకొనిన పరువుహత్య యను పదమును విచారింపవలయును. పరువు దేశ్యము, హత్య తత్సమము, కావున మిశ్రసమాసము. మిశ్రమగుట దోషముగాదు. విగ్రహము చెప్పునప్పుడు చిక్కు పుట్టును. పరువుకొఱకు హత్య యనినఁ జంపినవాని యుద్దేశము సమాసమునకెక్కి, పరువనునదొకటి నిజముగాఁ గలదనియు, హత్యవలన నది దక్కుననియు శబ్దమే యొప్పుకొన్నట్లగును. పరువుయొక్క హత్య యనిన నర్థము బాగుండును గాని, లోక మా యర్థమున వాడుటలేదు. దొంగతనము చేసినవానినిఁ గుటుంబపోషణకుఁడని పిలుచుటకు నెవ్వఁడు నొప్పుకొనఁడు. 2024 జూలై 1వ తేదీనుండి యమలులోనున్న భారతీయన్యాయసంహిత 103వ ప్రకరణము రెండవభాగమున నైదుగురుగాని యంతకెక్కువమందిగాని కూడి కులము మున్నగు కారణములచేఁ జంపినచో మరణమో యావజ్జీవమో శిక్షయని విధించెను. అందుఁ గుల మని యున్నది, పరువని లేదు. కులహత్య యనుట లఘువు, స్పష్టము, విగ్రహమున సందేహము లేనిది.

ఆ పద మెంత పని చేయఁగలదో తెలుఁగుదేశపు సంగతి యొకటి చూపును. శక్తి వాహిని తీర్పు వెలువడిన యాఱు నెలలలోపల, 2018 సెప్టెంబరు 14వ తేదీని, మిర్యాలగూడలో నొక యాసుపత్రి వెలుపల గర్భిణియైన భార్య ప్రక్కనుండఁగా దళితయువకుఁ డొకఁడు కిరాయిహంతకునిచే నఱకఁబడెను. పురమాయించినవాఁడని మొదటి నిందితునిగా నిలువఁబడినవాఁడు వధువు తండ్రి. అతఁడు తీర్పునకు ముందే 2020లో మరణించెను. నల్లగొండ న్యాయస్థానము 2025 మార్చి 10వ తేదీని నొకనికి మరణశిక్షయు, నాఱుగురకు యావజ్జీవకారాగారమును విధించెను. ఇట్టి విచారణము లాఱు నెలలలో ముగియుట మేలని 2018 తీర్పునఁ గలదు. ఇచట నాఱేండ్లకుఁ బైఁబడినది. ఆ నడుమ వ్రాఁతలయందుఁ దండ్రి వేదన, తండ్రి ప్రేమ, తండ్రి పరువు అను మాటలు తఱచు వినవచ్చెను. అన్నింట నతఁడే కర్త. అతనివలన ననుమాట పంచమిలో నొక్కచోట వ్రాయుటకుఁ గలములు వెనుకాడెను. కారకములు వక్త వివక్షను బట్టి యుండునని వైయాకరణుల సిద్ధాంతము. అట్లైన వెనుకాడుటయు వివక్షయే.

పోతన రుక్మిణీకల్యాణమును బడులలోఁ జెప్పునప్పుడు పంతులును బిల్లలును సంతోషింతురు. అచ్చట నగ్నిద్యోతనునిచేత వర్తమానము పంపి, ఎప్పుడు, ఎచట, ఎట్లు కొనిపోవలయునో నిర్దేశించినది రుక్మిణి. ఆమె సర్వవిధముల గర్త. వెంటఁబడిన రుక్మి భయహేతువు. అన్నను జంపవలదని యామె వేఁడుకొనుటచే స్నేహమును నపాదానత్వమును నేకత్ర నిలువవచ్చునని పోతనయే చూపెను. అదే సంగతి యూరిలో జరిగినచో వాఁ డామెను లేవఁదీసికొనిపోయెనని వ్యవహరింతురు. పిర్యాదుపత్రమున నది యపహరణమగును. చేయిపట్టి నడచివచ్చినది కర్మగా మాఱును. పిర్యాదు వ్రాయువాఁడు కర్తను దప్పుగా వ్రాసినందుననే లతాసింగు వ్యవహారమున నిరపరాధులు చెఱలోఁ బడిరి.

న్యాయసంఘము 2012లో సమర్పించిన 242వ నివేదికలో నొక చట్టపు ముసాయిదా చేర్పఁబడినది. వివాహసంబంధస్వాతంత్ర్యమునఁ బరులు చొరఁబడకుండ నివారించుట దాని పేరి సారము. రాజస్థానశాసనసభ 2019లో నించుమించుగా నా పేరితోనే బిల్లు నామోదించెను. ఇందు వారణార్థము స్వీకరింపఁబడుట మేలు. యవలవలన నావును వారించుట యని వృత్తికారుల యుదాహరణము. అచట నీప్సితమగు యవ లపాదానము, వారింపఁబడు నావు కర్మ. పైరును దీసి గాదెలో దాఁచుట యా సూత్రమున కర్థముగాదు. పైరు చేనిలోనే యుండవలయును, ఆవే తొలఁగవలయును. దంపతు లూరు విడిచి రక్షణగృహమునఁ దలదాఁచుకొనుట యంతర్ధియే కాని వారణము గాదు గావున, ముసాయిదా పేరునందలి ధాతువు తీర్పునందలి గృహములకంటె మెఱుఁగు. అయితే 2012 ముసాయిదా వారింపఁదలఁచినది ప్రధానముగా సభ, అనఁగా వివాహమును ఖండించుటకై జనులు గుమిగూడుట. మిర్యాలగూడలో సభ కూడలేదు. పంచాయతి తీర్మానము లేదు. ఉన్నది యొక యిల్లు, కొంత ధనము, కూలికి వచ్చినవారు. హరియాణపు ఖాప్‌ను జూచి వ్రాసిన వాక్యమును దెలుఁగుదేశమునకు నన్వయింపవలయునన్నఁ గర్మస్థానమున సభతోఁ బాటు బంధువు ననుమాట చేర్చి పఠింపవలసియున్నది.